కెమెరా పనైతే సాయంత్రం రా

పోయిన వారం నా ల్యాప్‌టాప్ మొరాయించింది. మాచర్లలో ఒక షాపులో ఇచ్చి, లోపలున్నదంతా తుడిచేసి విండోస్ మళ్ళీ వేయించుకొచ్చాను. ఇంటికొచ్చి కెమెరా తెరిస్తే తెర నల్లగా ఉంది. మధ్యలో ఒక చిన్న పెట్టె, అందులో ఇంగ్లీషులో ఒక మాట: ఫలానా ఫైలు కనిపించడం లేదు, కనుక ప్రోగ్రాము మొదలుకాదు.

షాపతనికి ఫోన్ చేశాను. "కెమెరా పోయింది మేడం, బయట నుంచి కొత్తది తగిలించుకోవాల" అన్నాడు ఠక్కున.

నాకు నవ్వొచ్చింది. ఈ జబ్బు నాకు తెలుసు, దీని మందూ తెలుసు. ఆ మందు చెప్పిన మనిషే లేడు. పోయిన ఎండాకాలంలో పోయాడు.

ఆయన పేరు రాయను. బతికుండగా షాపుకు బోర్డు కూడా పెట్టుకోని మనిషి, ఇప్పుడు నేను కాగితం మీద పేరు పెడితే ఒప్పుకోడు. రెంటచింతలలో బస్సు దిగి కంప్యూటర్లు బాగుచేసే ఆయన ఇల్లెక్కడ అంటే ఎవరైనా చెప్పేవాళ్ళు. షాపంటే షాపు కాదు, ఇంటి ముందుగది. కింద నాపరాళ్ళు, ఒక పొడుగాటి బల్ల, గోడలకు వెల్ల. ఆ గదిలో ఒకే ఒక్క టేబుల్ ఫ్యాను. అది ఎప్పుడు చూసినా కంప్యూటర్ల వైపే తిరిగి ఉండేది, ఆయన వైపు కాదు. రెంటచింతల ఎండల సంగతి నేను చెప్పనక్కర్లేదు. చొక్కా ఒంటికి అతుక్కుపోయి, చెమట ముక్కు మీంచి బల్ల మీదికి కారుతున్నా ఫ్యాను ఇటు తిప్పేవాడు కాదు.

"నీకు కూడా కాస్త గాలి తగలనియ్యన్నా" అంటే, "మనిషికి చెమట పడితే తుడుచుకుంటాడు టీచరమ్మా. దీనికి చేతులేయి?" అనేవాడు.

సన్నగా, పొడుగ్గా ఉండేవాడు. కళ్ళద్దాలు కళ్ళకు కాకుండా నుదుటి మీద ఉండేవి. మాట కరుకు. కంప్యూటరు మూత విప్పగానే తుమ్మేవాడు, ఎందుకంటే ఈ చుట్టుపక్కల ప్రతి కంప్యూటరు పొట్టలోనూ మిరపకారం ఘాటు ఉంటుంది. తుమ్మి, ముక్కు తుడుచుకుని, తెచ్చినవాణ్ణి తిట్టేవాడు. "ఏంరా, కాయలు ఎండబోసుకోటానికి కల్లం చాల్లేదా, దీంట్లో గూడా పోశావా?" వాళ్ళు నవ్వేవాళ్ళు. తిట్లు పడితే గానీ రిపేరు మొదలైనట్టు కాదని అందరికీ తెలుసు.

ఆయనకు ఒక విచిత్రమైన పద్ధతి ఉండేది. కీబోర్డు, మౌసు, ప్రింటరు పొద్దున తెస్తే పొద్దునే, మధ్యాహ్నం తెస్తే మధ్యాహ్నమే చేసి చేతికిచ్చేవాడు. కెమెరా అయినా, మైకున్న హెడ్‌ఫోనైనా మాత్రం ఒకటే మాట: "కెమెరా పనైతే సాయంత్రం రా." ఎంత బతిమాలినా, ఎంత అరిచినా సాయంత్రమే. అందులో ఇంకో వింత, చలికాలం వస్తే ఆ సాయంత్రం ఇంకో గంట ఆలస్యమయ్యేది. ఎందుకన్నా అంటే, "చలికి కెమెరాలు నిదానంగా మేలుకుంటయ్, గంట ఎక్కువ పట్టుద్ది" అని గంభీరంగా చెప్పేవాడు. జనం నమ్మేవాళ్ళు కూడా. లెక్కలు చెప్పే నేను కూడా కొన్నాళ్ళు నమ్మాను.

నేను ఆయన్ని ఎరిగింది కరోనా రోజుల్లో. గురజాల నుంచి వచ్చి రెంటచింతల మిషను బళ్ళో లెక్కలు చెప్పేదాన్ని. బడి మూశారు, పాఠాలు మూయలేదు. ఇటలీలో ఏదో కొండ ఊళ్ళో ఉన్న మఠం వాళ్ళు, తాము వాడి పక్కన పెట్టిన ల్యాప్‌టాప్‌లు ఒక పెట్టెలో సర్ది మా బడికి పంపారు. అందులో ఒకటి నాకు వచ్చింది. ఆన్ చేస్తే అన్నీ ఇటలీ భాషలో మాటలు, మీటల మీద నెత్తిన గీతలున్న అక్షరాలు. సరే, తంటాలు పడి పాఠం మొదలుపెడదామంటే కెమెరా తెరుచుకోదు. పోయిన వారం తెర మీద వచ్చిన చిన్న పెట్టే అప్పుడూ వచ్చింది, అందులో అదే మాట. బడికి వచ్చిన ల్యాప్‌టాప్‌లన్నిటికీ అదే రోగం. పాడైపోయినవి మనకు అంటగట్టారని టీచర్లమంతా గొణుక్కున్నాం.

పొద్దున్నే ఆయన దగ్గరికి తీసుకెళ్ళాను. మూత తెరిచాడు, చూశాడు, పెదవి విరిచాడు.

"కెమెరాకు ఏం కాలేదు. ఇది ఆ దేశపోళ్ళ రకం విండోసు. పాటలు, బొమ్మలు ఆడిచ్చే ఫైళ్ళు దీంట్లో పుట్టుకతోనే ఉండవు. కెమెరా సాఫ్టువేరు వాటి మీద ఆనుకుని లేస్తది. ఆనుకుందామంటే గోడే లేదు, ఏం లేస్తది?"

"అయితే ఆ ఫైలేదో ఇంటర్నెట్‌లో దొరుకుద్దిగా అన్నా, తెచ్చి పెట్టు."

ఆ మాటకు ఆయనకు నిజంగానే కోపమొచ్చింది. కళ్ళద్దాలు నుదుటి మీంచి ముక్కు మీదికి దించి నన్ను చూశాడు. "ఎక్కడిదో ఒక్క ఫైలు తెచ్చి అతికిచ్చగూడదు టీచరమ్మా. అది ఒంటరిగా రాదు, దాంతో ఏం పురుగు వచ్చుద్దో తెలవదు. వచ్చినా ఒక్కదానికి ఈడ మనసు నిలవదు. తెస్తే మొత్తం బలగాన్ని తేవాల."

అని సెట్టింగుల్లోకి వెళ్ళాడు. అదనంగా చేర్చుకునే వాటి వరసలో మీడియా ఫీచర్ ప్యాక్ అనే మూట ఒకటి ఉంది. దాన్ని ఎంచుకుని నొక్కి, చేతులు కట్టుకు కూర్చున్నాడు. అది దిగేదాకా దాన్ని ముట్టలేదు, నన్ను ముట్టనివ్వలేదు. దిగాక, "ఇప్పుడు రియావ్వియా" అన్నాడు.

"ఏందన్నా అది?"

"రీస్టార్టు. వాళ్ళ భాషలో అట్టంటారు. అందరూ మూట దింపుకుని ఇది కొట్టకుండా పోతారు, మళ్ళా వచ్చి నామీద పడతారు. రియావ్వియా కొట్టందే మూట విప్పుకోదు."

తర్వాత్తర్వాత ఊళ్ళో అందరికీ ఆ మాట వచ్చేసింది. కరెంటు పోయి వస్తే కూడా, రియావ్వియా అయిందిరా అని ఎగతాళి చేసుకునేవాళ్ళు. ఆయన మాత్రం ఎప్పుడూ నవ్వకుండానే అనేవాడు. ఆ మాటను చాలా శ్రద్ధగా, నడిమి అక్షరం ఒత్తి మరీ పలికేవాడు. ఎవరో నేర్పినట్టు ఉండేది ఆ పలకడం.

ల్యాప్‌టాప్ మళ్ళీ తెరుచుకుంది. కెమెరా నొక్కితే నా మొహం, వెనక వెల్లగోడ శుభ్రంగా కనిపించాయి. నేను సంతోషంగా చెయ్యి చాపాను. ఆయన మూత మూసేశాడు.

"సాయంత్రం రా."

"అయిపోయింది గదన్నా! రేప్పొద్దున నాకు పాఠం ఉంది."

"అయిందని నువ్వంటే అయిద్దా? నీ మొహం నీకు కనపడటానికి అద్దం చాలదా, కెమెరా ఎందుకు? అవతలి మనిషి అనాల, కనపడుతున్నావని. అప్పుడు అయినట్టు."

నాకు ఒళ్ళు మండింది. విసవిసా వెళ్ళిపోయి, పొద్దువాలే వేళకు మళ్ళీ వచ్చాను.

నన్ను బల్ల ముందు స్టూలు మీద కూర్చోబెట్టాడు. తను ఎడమ పక్క గోడకు ఆనుకుని నిలబడి, వంగకుండా చెయ్యి ఒక్కటే చాపి ఏదో నొక్కాడు. అవతల కాల్ తీశారు. నెత్తిన బూడిదరంగు ముసుగు, గుండ్రటి కళ్ళద్దాలు. మఠకన్య. వెనక ఎత్తయిన కిటికీ, బయట మిట్టమధ్యాహ్నపు వెలుతురు. నేను ఇంగ్లీషు కూడబలుక్కునే లోపు ఆవిడే మొదలుపెట్టింది.

"వినపడుతుందమ్మా. కనపడుతున్నారు. కొంచెం వెలుతుర్లోకి జరగండి. ఏ వూరు మీది?"

అచ్చం మా యాస. గురజాలని చెప్పాను, వందనాలు చెప్పాను. ఎండలెట్టున్నయ్ అంది. పత్తి వేశారా, మిరప వేశారా అని అడిగింది. కాసేపు ఆగి, గొంతు కొంచెం తగ్గించి, "అన్న ఎట్టున్నాడు?" అంది.

నేను పక్కకు చూశాను. ఆయన తల గోడకు ఆనించి, ల్యాప్‌టాప్ తెరవైపే చూస్తున్నాడు. అక్కడి నుంచి ఆయనకు ఆవిడ కనిపిస్తుంది. ఆవిడకు ఆయన కనిపించడు. "బాగుండాడని చెప్పు" అన్నాడు మెల్లగా.

"బాగున్నాడంట సిస్టర్."

"వేళకు తింటన్నాడా?"

"తింటన్నాడని చెప్పు."

నాకు ఓపిక తక్కువ. "మధ్యలో నేనేందన్నా, ఈడే ఉండావుగా, నువ్వే చెప్పు" అన్నాను. ఆయన నావైపు చూసిన చూపుకు నోరు మూసుకున్నాను. అవతల ఆవిడ చిన్నగా నవ్వింది. ఎక్కడో గంట మోగింది. "ఉంటానమ్మా, ప్రార్థనకు వేళయింది" అని పెట్టేసింది. ఆయన గోడ నుంచి కదిలి, ల్యాప్‌టాప్ మూసి నా చేతికిచ్చాడు.

"ఇప్పుడయింది" అన్నాడు.

ఈ కథ నాకు విప్పి చెప్పింది ఆయన భార్య. నేను వదినా అని పిలిచేదాన్ని. ఒకరోజు ఆయన ఊళ్ళోకి పోయినప్పుడు, వదిన వసారాలో కూర్చుని మిరపకాయలకు తొడిమలు తీస్తోంది. నేనూ పక్కన కూర్చుని తీయడం మొదలుపెట్టాను. అలా చేతులకు పని ఉంటే వదినకు మాటలు వచ్చేవి.

అమ్మానాన్నలు ముందే పోతే చెల్లెల్ని ఆయనే పెంచాడు. స్నానం చేయించి, రెండు జడలు వేసి బడికి పంపేవాడు. అన్న వేసే జడలు ఎప్పుడూ ఒకటి పైకి ఒకటి కిందికి ఉండేవని ఆ పిల్ల ఏడ్చేదట. చదువైపోయాక దగ్గర్లోనే టీచరుగా చేరుతుందని ఆయన ఊళ్ళో అందరికీ చెప్పుకున్నాడు. ఆమె కాన్వెంటులో చేరతానంది. ఆయన తిట్టాడు, బతిమాలాడు, అన్నం మానేశాడు. చర్చి గుడిలో ఫాదర్‌తో కూడా తగువు పెట్టుకున్నాడు. ఆమె పెట్టె సర్దుకుంది. బస్సు దగ్గర పదిమందీ చూస్తుండగా, "నువ్వీ బస్సెక్కితే ఇంక నా మొహం నీకు చూపిచ్చను" అన్నాడు. ఆమె కాసేపు నిలబడి, బస్సెక్కింది.

మా పల్నాట్లో మాట అనేయడం ఎవరికైనా వచ్చు. దాన్ని వెనక్కి తీసుకోవడమే ఎవరికీ రాదు. ఇటలీ పోయేముందు ఆమె సెలవు మీద వచ్చింది. ఆమె ఉన్నన్నాళ్ళూ ఆయన ఈపూరులో అత్తగారింట్లో కూర్చున్నాడు. ఆమె బస్సెక్కిన కబురు తెలిశాకే తిరిగొచ్చాడు. వచ్చి, ఆ పిల్ల తాగిన గ్లాసు ఏదని అడిగాడట.

"మరి ఇప్పుడు రోజూ చూస్తన్నాడుగా వదినా?" అన్నాను.

వదిన తొడిమ గిల్లి గంపలో వేసి, "నేనూ అదే అడిగా. 'నా మొహం చూపిచ్చనన్నా గానీ, దాని మొహం చూడనన్లేదుగా' అన్నాడమ్మా. ఇంకేం మాట్లాడతాం?" అంది.

ఇద్దరం పకపకా నవ్వాం. నవ్వుతూనే వదిన చెంగుతో కళ్ళు తుడుచుకుంది, మిరపఘాటు అంది.

అప్పుడు నాకు అన్నీ ఒకదానికొకటి కలిశాయి. ల్యాప్‌టాప్‌ల పెట్టె పంపించిన మఠం చెల్లెలిదే. అవి ఎందుకు పనిచేయడం లేదో కనుక్కోవడానికి బడి సిస్టర్లు నాకంటే ముందే ఈయన ముందుగదిలో కూర్చుని అటు ఫోన్ కలిపితే, అక్కడ కంప్యూటర్లు చూసే మనిషిగా మాట్లాడింది ఆమే. ఇంటి వాళ్ళతో కబుర్లకు మఠంలో అన్ని రోజులూ ఒప్పుకోరు. బడి కోసం, ఊరి కోసం చేసే సాయానికి మాత్రం ఏ రోజైనా అడ్డు లేదు. మధ్యాహ్న భోజనాలయ్యాక, ప్రార్థన గంటకు ముందు ఆమెకు కాస్త తీరిక. అది మనకు పొద్దువాలే వేళ. చలికాలంలో ఆ దేశంలో గడియారాలు గంట వెనక్కి తిప్పుకుంటారు. ఈయన కెమెరాలు నిదానంగా మేలుకునేది అందుకు. ఎవరో పెన్‌డ్రైవ్‌లో మోసుకొచ్చిన కొన్ని ఫైళ్ళు కోసేసిన విండోస్ వేసుకుని, ఈ ఫైళ్ళే లేక కెమెరా తెరుచుకోనివాళ్ళు ఊళ్ళో ఎప్పుడూ ఎవరో ఒకరు ఉండేవాళ్ళు. ఆ ఫైళ్ళు లేకపోవడం ఆ ఇద్దరికీ ఎంత పనికొచ్చిందో తలుచుకుంటే నాకు ఇప్పటికీ నవ్వూ ఏడుపూ కలిసొస్తాయి.

బళ్ళు తెరిచిన తర్వాత కూడా నేను అప్పుడప్పుడు ఆ ల్యాప్‌టాప్ తీసుకుని వెళ్ళేదాన్ని. ఒక సాయంత్రం హెడ్‌ఫోను పని మీద వెళ్ళాను. వదిన కూడా గదిలోనే ఉంది, స్టూలు పక్కన కింద కూర్చుని చాటలో బియ్యం ఏరుతోంది. మామూలుగానే నన్ను కూర్చోబెట్టాడు, గోడకు ఆనుకున్నాడు, కాల్ కలిపాడు. సిస్టర్ వచ్చింది. ఎప్పుడూ చెప్పే మాట చెప్పలేదు. ఒక క్షణం ఆగి, "వినపడుతుంది టీచర్ గారూ. కనపడటం లేదు" అంది. "అంతా చీకటిగా ఉంది."

నా మొహం తెర మూలన చిన్న చదరంలో నిక్షేపంగా ఉంది. నేను పక్కకు జరిగాను. ఆయన గోడ దగ్గర నుంచే చెయ్యి చాపి రెండు మీటలు నొక్కాడు.

"ఇప్పుడు?"

ఆ మాట నేను అందించలేదు. ఆయనే నేరుగా అన్నాడు. ఇన్నాళ్ళలో ఆయన ఆమెతో నేరుగా మాట్లాడటం నేను వినడం అదే మొదలు. అవతల ఆవిడ ఊపిరి బిగబట్టినట్టు తెలిసింది.

"లేదన్నా."

"రియావ్వియా కొడతా. మళ్ళా తియ్యి."

ఆపాడు, మళ్ళీ తెరిచాడు, మళ్ళీ కలిపాడు. "ఇప్పుడూ లేదు" అందామె. "గొంతు బాగా వినపడుతుంది. మొహమే కనపడటం లేదు."

ఆయన నన్ను లేవమని సైగ చేశాడు. నేను లేచాను. ఆయన స్టూలు దగ్గర నిలబడి కాసేపు కదల్లేదు. తర్వాత మెల్లగా కూర్చున్నాడు, కెమెరాకు ఎదురుగా. మూలన చదరంలో ఆయన మొహం వచ్చింది. నెరిసిన గడ్డం, నుదుటి మీద కళ్ళద్దాలు. కెమెరా పక్కన చిన్న దీపం వెలుగుతూనే ఉంది. ఆయన ఆ చదరాన్ని చూశాడు, నేను చూస్తుండగానే చూశాడు.

"అదేందన్నా, బానే కనప..." అనబోయాను. వదిన చాట వదిలి నా పిక్క పట్టుకుని గట్టిగా గిల్లింది. అప్పటికి గానీ నా బుర్రకు ఎక్కలేదు.

ఆయన కళ్ళద్దాలు నుదుటి మీంచి దించుకుని పెట్టుకున్నాడు. అరచేత్తో జుట్టు వెనక్కి దువ్వుకున్నాడు. చొక్కా పై బొత్తాం పెట్టుకున్నాడు. కనపడని మనిషి ఎక్కడైనా బొత్తాం పెట్టుకుంటాడా?

"ఇప్పుడు?" అన్నాడు.

"లేదన్నా."

"లేదా?"

"లేదు. నువ్వు నిమ్మళంగా చూడు. నాకేం తొందర లేదు."

ఆయన సెట్టింగులు తెరిచాడు, ఏమీ మార్చకుండా మూశాడు. మళ్ళీ తెరిచాడు, మూశాడు. అవతల ఆమె కళ్ళద్దాలు తీసి ముసుగు అంచుతో తుడుచుకుని పెట్టుకుంది. మళ్ళీ తీసి తుడుచుకుంది. గదిలో ఫ్యాను చప్పుడు, వదిన చాటలో బియ్యం చప్పుడు.

"చిక్కిపోయావన్నా" అంది ఆమె ఉన్నట్టుండి. అని నాలిక కరుచుకుంది. "గొంతు అట్టుంది, చిక్కినట్టు."

"గొంతులో తెలిసిద్దా?"

"తెలిసిద్ది."

"తింటానే ఉండాను బుల్లీ" అన్నాడు ఆయన. బుల్లీ అన్న ఆ పిలుపు విని వదిన చాట పక్కన పెట్టి లోపలికి వెళ్ళిపోయింది. నేను కిటికీలోంచి మాచర్ల బస్సును చూస్తూ నిలబడ్డాను, నా మొహం ఎవరికీ కనిపించకుండా. అవతల గంట మోగింది. ఆ రోజు ఆమె వెంటనే లేవలేదు.

కాల్ ఆగిపోయాక ఆయన బొత్తాం తీసేసి, కళ్ళద్దాలు నుదుటి మీదికి ఎత్తుకుని, ల్యాప్‌టాప్ నా చేతికి ఇవ్వబోయి ఆగాడు.

"నీ కెమెరాలో ఏదో ఉంది టీచరమ్మా. అంత తేలిగ్గా దొరికేది కాదు. వచ్చే వారం మళ్ళా తీసకరా."

అప్పటి నుంచి నా ల్యాప్‌టాప్ దీర్ఘరోగి అయింది. ఆయన కబురు పంపేవాడు, నేను మోసుకెళ్ళేదాన్ని. దాన్ని బాగుచేయడానికి ఆయన ఇస్త్రీ చొక్కా వేసుకునేవాడు. గడ్డం గీసుకునేవాడు. అవతల నుంచి, "లేదన్నా, ఇంకా రాలేదు" అని వినిపించేది. ఇంకా రాని ఆ బొమ్మ ముందు కూర్చుని ఆయన ఇటలీ మాటలకు అర్థాలు అడిగేవాడు, ఆమె పలికించేది. పత్తి ధర గురించి, గుడికి వేసిన కొత్త రంగు గురించి, ఎవరి పెళ్ళి ఎవరితో అయిందో చెప్పేవాడు. ఇద్దరూ ఒక్కసారి కూడా ఆ బస్సు మాట ఎత్తలేదు. ఎవరి మాట మీద వాళ్ళు ఉన్నారు. ఎవరి మాటా పోలేదు. ఇంత మొండి మనుషుల్ని నేను చూడలేదు, ఇంత ప్రేమనూ చూడలేదు.

ఆమెకు ఇంటికి సెలవు ఖాయమైంది, వచ్చే ఏడాదికి. ఆ కబురు విన్న రోజు వదిన, "ఈసారి ఏడ దాక్కుంటావు? ఈపూరేనా?" అని ఏడిపించింది. ఆయన స్క్రూడ్రైవరు తిప్పుతూనే, "చూద్దాం" అన్నాడు. ఆ చూద్దాం అన్న మాటలో ఎంత ఉందో మా ఇద్దరికీ తెలుసు. ఆయన ఎదురెళ్తాడని, బస్సు దగ్గరే నిలబడతాడని నాకు గట్టి నమ్మకం. ఆ రోజు నేను సెలవు పెట్టి మరీ చూడాలనుకున్నాను.

ఆ ఏడాది రాకముందే ఎండాకాలం వచ్చింది. ఒకరింట్లో ప్రింటరు చూసి మధ్యాహ్నం ఎండలో నడిచొచ్చాడు. నీళ్ళు తాగి కాసేపు పడుకుంటానన్నాడు, లేవలేదు. నేను వెళ్ళేసరికి ముందుగదిలో నాపరాళ్ళ మీద పడుకోబెట్టారు. ఎవరో ఫ్యాను ఆయన వైపు తిప్పి ఉంచారు. అది చూసి నాకు ఏడుపు ఆగలేదు.

ఆమె రావడానికి వీలు లేదు, వచ్చేదాకా ఉంచడానికీ వీలు లేదు. బంధువుల్లో ఒకాయన ఫోన్ తీసి, వీడియో కలుపుదాం, చివరిచూపు చూసుకుంటుంది పాపం అన్నాడు. వదిన ముందు మామూలు ఫోన్‌లో ఆమెను అడిగింది. స్పీకరులో ఆమె గొంతు మా అందరికీ వినిపించింది.

"వద్దొదినా. చూపిచ్చనన్నాడు గదా అన్న. ఆయన మాట ఆయనకు ఉండనియ్యండి." ముక్కు చీదుకున్న చప్పుడు వినిపించింది. తర్వాత, "నేను చానా చూశాను వదినా. చూడాల్సినంత చూశాను" అంది.

బంధువులకు ఆ మాట అర్థం కాలేదు. వదిన నా చెయ్యి పట్టుకుంది.

ఇక పోయిన వారం సంగతి. షాపతను పోయిందన్న కెమెరాను పొద్దున్నే ముందేసుకున్నాను. ఈ యంత్రానికి మళ్ళీ పుట్టుకతో వచ్చిన ఆ దేశపోళ్ళ రకం విండోసే వేశాడతను. సెట్టింగుల్లో ఆ మూట వెతికి పట్టుకుని, నొక్కి, చేతులు కట్టుకు కూర్చున్నాను. దిగాక ఎవరూ లేని గదిలో పైకే, "రియావ్వియా" అన్నాను. ఆయన ఒత్తినట్టు ఒత్తలేకపోయాను. కెమెరా తెరుచుకుంది, నా మొహం నాకు కనిపించింది. అది సరిపోదని నాకు తెలుసు. సాయంత్రం దాకా ఆగి, ల్యాప్‌టాప్ సంచీలో పెట్టుకుని రెంటచింతల బస్సెక్కాను.

క్రిస్మస్ నెల. ఇళ్ళ ముందు కాగితపు నక్షత్రాలు వేలాడుతున్నాయి. వదిన ముందుగది తలుపు తీసింది. బల్ల అలాగే ఉంది, ఫ్యాను గోడ పక్కకు జరిపి ఉంది. స్టూలు మీద కూర్చుని కాల్ చేశాను. ఎవరూ తీయలేదు. మళ్ళీ చేశాను, తీయలేదు. నాకు దిగులేసింది.

"చలికాలం గదమ్మాయ్" అంది వదిన గుమ్మంలోంచి. "కెమెరాలకు గంట ఎక్కువ పట్టుద్ది."

కూర్చున్నాం. వదిన టీ పెట్టింది. వీధి దీపాలు వెలిగాక మళ్ళీ చేశాను. ఈసారి తీశారు. అదే ముసుగు, అవే కళ్ళద్దాలు, అదే కిటికీ.

"వినపడుతుంది టీచర్ గారూ. కనపడుతున్నారు. కొంచెం వెలుతుర్లోకి జరగండి" అంది.

జరిగాను. ల్యాప్‌టాప్ మళ్ళీ పాడైందని, అన్న చెప్పిన పద్ధతిలో నేనే బాగుచేసుకున్నానని చెప్పాను. సంతోషం అంది. చలెట్టుంది అని అడిగింది. కాసేపు ఆగింది. ఆ తర్వాత ఎప్పుడూ అడిగే మాట ఒకటుంది. అది ఆమె పెదవుల దాకా వచ్చింది. అక్కడే ఆగింది. నాకు చెప్పడానికి ఏమీ లేదు, పక్కన అందించేవాడూ లేడు.

నేను ల్యాప్‌టాప్‌ను పట్టుకుని మెల్లగా ఎడమ వైపుకు తిప్పాను. అక్కడ వెల్లగోడ మీద, పొడుగాటి మనిషి తల ఆనేంత ఎత్తున, నూనె మరక ఒకటి ఉంది. ఇన్నేళ్ళూ సాయంత్రాలు ఆయన అక్కడ నిలబడి తల ఆనించిన చోటు. వదిన దానికి వెల్ల వేయనివ్వలేదు. కెమెరా ఆ మరక మీద నిలిపి, నేను చెయ్యి తీశాను.

అవతల ప్రార్థన గంట మోగి ఆగిపోయింది. వదిన గుమ్మంలోంచి వచ్చి నా వెనక నిలబడి, "కనపడుతుందా బుల్లీ?" అని అడిగింది.

"లేదొదినా, ఏం కనపడటం లేదు" అంది ఆమె. "నాకేం తొందర లేదు. అట్టాగే ఉంచండి."